ఒకే గడియారం, ఒకే చెయ్యి

మా ఊళ్ళో తూకం రాళ్ళను ఎవరూ నమ్మరు. కరెంటు మీటరును నమ్మరు, బస్సు వేళను నమ్మరు, ఆఫీసుల్లో చెప్పే "రేపు రండి"ని అసలే నమ్మరు. పరుగు పందెంలో నా స్టాప్ వాచీ చూపించిన అంకెను మాత్రం ముప్ఫై రెండేళ్ళుగా అందరూ మారుమాట లేకుండా ఒప్పుకుంటున్నారు. నేను గడియారాలు బాగుచేసేవాణ్ణి. బజారు మలుపులో ఒక బల్ల, అద్దాల పెట్టె, కంటికి బిగించుకునే భూతద్దం, అదే నా రాజ్యం. ఏడాదికోసారి ఆటల పోటీలు వస్తే దుకాణం మూసేసి మైదానానికి వెళ్తాను. అక్కడ నన్ను సెకన్ల తాత అంటారు. ఆ పేరంటే నాకు గర్వం. ఆ గర్వమే నా కొంప ముంచింది.

మావి రెండు వీధులు. పై వీధిలో దుకాణాలవాళ్ళం, కింది వీధిలో అచ్చాఫీసు పనివాళ్ళు. కొళాయి దగ్గర గొడవ, బస్సు ఆగే చోటు గురించి గొడవ, చివరికి చెత్తబండి ముందు ఎవరి వీధికి రావాలన్నా గొడవే. ఆటల రోజు మాత్రం రెండు వీధులూ ఒకే మెట్ల మీద మోకాళ్ళు తగిలేలా ఇరుక్కుని కూర్చుంటాయి. అక్కడ గెలుపు ఎవరి నోటి బలం మీదా ఆధారపడదు మరి. ఓడినవాడు గునుస్తాడు, సణుగుతాడు, కానీ మోసపోయానని మాత్రం అనడు. ఆ ఒక్క మాట వినపడకపోవడం ఎంత గొప్పో దొంగ తూకాల మధ్య బతికేవాళ్ళకే తెలుస్తుంది.

ఈసారి పోటీల్లో కప్పులూ సర్టిఫికెట్లూ కాక ఇంకోటి ఉంది. క్రీడా పాఠశాలవాళ్ళు మా ఊరినుంచి ఒక్క అమ్మాయిని తీసుకుంటామన్నారు. చదువు, తిండి, వసతి, శిక్షణ అన్నీ వాళ్ళవే. పద్నాలుగు నిండితే ఇక తీసుకోరు. వంద మీటర్ల పరుగుకు పన్నెండు మంది పేర్లిచ్చారు గానీ ఊరు చూసింది ఇద్దరినే. ఒకతె నా మనవరాలు. కాళ్ళు తప్ప ఒంట్లో ఇంకేమీ లేనట్టుంటుంది, అందుకని మిడత అంటాం. రెండో పిల్ల కింది వీధిలో అచ్చాఫీసు ఫోర్‌మన్ కూతురు. మాట వినపడదు, అడుగు వినపడదు, అందుకని దాన్ని పిల్లి అంటారు. ఇద్దరికీ ఇదే ఆఖరి ఏడాది.

మైదానంలో లేన్లు ఆరే. కాబట్టి పరుగు రెండు విడతలు, పొద్దున ఆరుగురు, సాయంత్రం ఆరుగురు. ఆ తర్వాత ఫైనల్ ఉండదు. రెండు విడతలూ కలిపి ఎవరి టైము తక్కువైతే వాళ్ళదే గెలుపు. పొరుగూళ్ళవాళ్ళు ఈ పద్ధతి విని నవ్వుతారు. చాలా ఏళ్ళ కిందట కమిటీలో నేనే బల్ల గుద్ది చెప్పాను, "ఒకే గడియారం, ఒకే చెయ్యి. ఇంక ఫైనల్ దేనికండీ, పిల్లల కాళ్ళు అరగడానికా?" అని. అదే ఆనవాయితీ అయిపోయింది. ఈసారి మనవరాలు పరిగెత్తుతోంది కాబట్టి వాచీ వేరేవాళ్ళకి ఇచ్చేస్తానన్నాను. అడ్డుపడింది ఎవరనుకున్నారు? ఫోర్‌మనే. "మీరు పట్టుకుంటేనే మా అమ్మాయి పరిగెత్తుతుంది," అన్నాడు. ఆ మాటకి నేను ఉబ్బి తబ్బిబ్బయ్యాను.

పొద్దున పదింటికి పిల్లి పరిగెత్తింది. పదమూడు పాయింట్ రెండు సెకన్లు. సాయంత్రం ఐదుంపావుకి మిడత పరిగెత్తింది. సరిగ్గా పదమూడు.

పై వీధి మెట్ల మీద నిలబడలేక కిందికి దూకింది. నా కోడలు, మిడత తల్లి, ఆసుపత్రి నర్సు, రక్తం చూసి కూడా కళ్ళు చెమర్చని మనిషి, ఏడుస్తూ నవ్వింది. ఫోర్‌మన్ కూతురి భుజం మీద చెయ్యి వేసి నా దగ్గరికి నడిపించుకొచ్చాడు. "మీ చేతి మీద ఓడిపోతే బాధ లేదండి. మీ మనవరాలికి నా దీవెనలు," అన్నాడు. పిల్లి నేల చూస్తూ తలూపింది. దాని కింది పెదవి పళ్ళ మధ్య తెల్లగా పాలిపోయి ఉంది.

క్రీడా పాఠశాలనుంచి వచ్చిన ఆఫీసరు డ్రిల్లు మాస్టారి గదిలో కూర్చుని జాబితా రాసుకుంటున్నాడు. ఆరున్నర బస్సుకి ఆయన వెళ్ళిపోతాడు. నేను ముగింపు గీత దగ్గర స్టూలు మీద కూర్చుని వాచీ తుడుచుకుంటున్నాను. అప్పుడు వినపడింది, ఠంగుమని సుత్తి దెబ్బ.

మైదానం అవతలి చివర, పరుగు మొదలయ్యే చోట, పందిరి గుంజలు పీకుతున్నారు. అలవాటుగా అటు చూశాను. నాకేమీ కనపడలేదు. సూర్యుడు సరిగ్గా ఆ చివరే దిగుతున్నాడు. పడమర అంతా సున్నం కొట్టినట్టు తెల్లగా ఉంది. మళ్ళీ ఠంగుమంది. కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకున్నాను. అప్పుడు మసక మసగ్గా ఒక మనిషి, పైకి లేచిన సుత్తి, పడింది, ఆ తర్వాత ఠంగు. చెయ్యి తీసేశాను. మనిషి లేడు, సుత్తి లేదు, ఠంగు ఒక్కటే ఉంది.

వాచీ తుడిచే గుడ్డ పక్కన పెట్టేశాను.

పరుగు లెక్క తెలియనివాళ్ళకి ఒక ముక్క చెప్పాలి. అవతలి చివర పిస్తోలు పేలుతుంది. ముందు పొగ కనిపిస్తుంది, చప్పుడు వంద మీటర్లు నడిచి మనదాకా రావడానికి సెకనులో పదో వంతులు మూడు పడతాయి. అందుకే పొగ చూసి వాచీ నొక్కాలి, చప్పుడు విని కాదు. చప్పుడు విని నొక్కితే గడియారం ఆలస్యంగా మొదలవుతుంది, పరిగెత్తినవాళ్ళకి మూడు పదో వంతులు ఊరికే కలిసొస్తాయి. కొత్తగా వచ్చే ప్రతి టీచరుకూ ఈ పాఠం చెప్పింది నేనే.

పొద్దున ఎండ నా వీపు వెనక ఉంది. పొగ చక్కగా చూశాను, నొక్కాను. మరి సాయంత్రం? పొగ చూశానా? ఎంత గింజుకున్నా కళ్ళముందు తెలుపు తప్ప ఏమీ రాలేదు. చెవిలో మాత్రం ఢామ్మన్న చప్పుడు, దానితో పాటు బొటనవేలి కింద బటన్ దిగడం, రెండూ కలిసే గుర్తున్నాయి. నా వేలు చప్పుడుకే కదిలింది.

పదమూడుకి మూడు కలిపితే పదమూడు పాయింట్ మూడు. పిల్లిది పదమూడు పాయింట్ రెండు.

కోడలు ఏడాదిగా చెబుతూనే ఉంది, "మామయ్యా, మీ కంట్లో తెల్లగా కనిపిస్తోంది, శుక్లమేమో, ఒక్కసారి రండి," అని. నేను వెటకారం చేసేవాణ్ణి. "వెంట్రుకంత స్ప్రింగు పట్టుకారుతో ఎత్తే కళ్ళే ఇవి. నీ డాక్టరు ఎత్తగలడా?" అనేవాణ్ణి. భూతద్దం కింద జానెడు దూరంలో చూసే కన్నును నమ్ముకుని వంద మీటర్ల కన్ను కూడా బాగుందనుకున్నాను. ఇంత తెలివితక్కువ పని గడియారాలవాడు తప్ప ఇంకెవడూ చెయ్యడు.

స్టూలు మీద తేలు కుట్టిన దొంగలా కూర్చుండిపోయాను. ఎవరికీ తెలియదు. తెలిసే దారి కూడా లేదు. ఒప్పుకుంటే ఏమవుతుందో కూడా తెలుసు. మనవరాలి చదువు, దాని బతుకు పోతాయి. కన్ను పోయిందంటే నమ్మేదెవరు? సొంత మనవరాలికి మూడు పదో వంతులు మిగిల్చుకున్నాడంటారు. ముప్ఫై రెండేళ్ళ నా మాట ఒక్క సాయంత్రంతో చెత్తబండి ఎక్కుతుంది. భయపడ్డానండీ. సిగ్గు లేకుండా చెబుతున్నాను, ఐదు నిమిషాల పాటు నోరు మూసుకుందామనే నిర్ణయించుకున్నాను. అంతలో ఫోర్‌మన్ అటువైపు వెళ్తూ, "ఎండ ఎక్కువగా ఉంది, నీడకి రండి తాతగారూ," అని నా స్టూలు పట్టుకున్నాడు. ఇంక కూర్చోలేకపోయాను.

మిడత కొళాయి దగ్గర ముఖం కడుక్కుంటోంది. పక్కకి పిలిచి ఉన్నదంతా చెప్పాను. నీళ్ళు కారుతున్న ముఖంతో అలాగే వింది.

"ఎవరికైనా చెప్పావా?"

"లేదమ్మడూ. ముందు నీకే."

"అయితే ఇంకెవరికీ చెప్పకు."

"అట్లా కాదు..."

"ఎట్లా కాదు? నేను పడ్డానా? నేను ముందే బయలుదేరానా? నా తప్పేముంది? నీ కళ్ళు కనపడకపోతే నేనెందుకు ఓడిపోవాలి తాతా?" ముఖం మీది నీళ్ళు చేత్తో విసిరికొట్టింది. "నోరు మూసుకుని ఉంటే నీదేం పోయింది?"

తప్పు నాది, శిక్ష దానిది. న్యాయం నావైపు ఉందని చెప్పుకోడానికి కూడా నోరు రాలేదు. "మళ్ళీ పరిగెత్తించమని అడుగుతాను. ఇద్దరినీ పక్కపక్కన," అన్నాను.

"నేను పరిగెత్తి గంట కూడా కాలేదు. అది పొద్దుట్నుంచీ కాళ్ళు చాపుకుని కూర్చుంది!"

అదీ నిజమే. అయినా ఆఫీసరు గదివైపు నడిచాను. వెనక తిరిగి చూసే ధైర్యం లేకపోయింది.

గదిలో ఆఫీసరు జాబితా కింద సంతకం పెట్టి, కలానికి టోపీ పెడుతున్నాడు. డ్రిల్లు మాస్టారు సంచీ సర్దుతున్నాడు. కోడలు జాబితాలో కూతురి పేరు తప్పు పడకుండా చూసుకోడానికి వచ్చి గుమ్మంలో నిలబడి ఉంది. నేను చెప్పాల్సింది నాలుగు ముక్కల్లో చెప్పాను. ఆఫీసరు కళ్ళద్దాలు తీసి నన్ను చూశాడు.

"ఆటగాళ్ళు ఫిర్యాదు చేస్తే వింటామండి. టైము చూసేవాడు తన మీద తానే ఫిర్యాదు చేసుకుంటే ఏం చెయ్యాలో మా రూల్సులో లేదు," అన్నాడు.

"రూల్సులో లేకపోతే కొత్తది రాసుకోండి."

"తాతగారూ!" డ్రిల్లు మాస్టారు నా చెయ్యి పట్టుకున్నాడు. "కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుంది. పోనివ్వండి. ఎవరు అడిగారు?"

కోడలు నా ముఖం రెండు చేతులతో పట్టుకుని వెలుతురువైపు తిప్పి, కంట్లోకి చూసింది. "ఏడాదిగా మొత్తుకున్నాను మామయ్యా," అంది. తిట్టినా బాగుండేది.

కిటికీ అవతల ఎవరో విన్నారు. మా ఊళ్ళో మాట నడవదు, ఎగురుతుంది. నేను బయటికి వచ్చేసరికి రెండు వీధులూ గది ముందు గుమిగూడాయి, ఆటల రోజున మొదటిసారి రెండు వేరు వేరు గుంపులుగా. ఫోర్‌మన్ నా ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. కాసేపటి కిందట నా స్టూలు నీడలో వేసిన మనిషే.

"కంచే చేను మేసిందన్నమాట," అన్నాడు.

"నా కన్ను..."

"పొద్దున మా పిల్ల పరిగెత్తేటప్పుడు బాగానే ఉంది కదండీ కన్ను?"

ఎండ సంగతి వివరిద్దామనుకున్నాను. అంతలోనే వెనకనుంచి పై వీధివాళ్ళు, "అయిపోయిన పెళ్ళికి మేళమేంటి? సంతకమైపోయింది!" అని అరిచారు. కింది వీధివాళ్ళు, "ఎన్నేళ్ళుగా ఎన్ని పందేలు ఇలా చేశాడో!" అన్నారు. ఆ ముక్క నా గుండెలో దిగింది. ఎవరో ఎవరినో తోశారు. ఇంకెవరో చొక్కా పట్టుకున్నారు. మరుక్షణంలో చేతులు లేచేవే.

ఆఫీసరు కుర్చీ మీదికెక్కి గట్టిగా చప్పట్లు కొట్టాడు. "ఇంకా అరగంటుంది నాకు. ఇద్దరినీ పక్కపక్కన పరిగెత్తిస్తాను. గడియారం వద్దు, దారం చాలు. గీత దగ్గర నేనొక్కణ్ణే చూస్తాను. ఫోర్‌మన్ గారి అమ్మాయి ముందొస్తే జాబితా మారుస్తాను. ఇద్దరూ సమానంగా వచ్చారో, సంతకం పెట్టిన జాబితాకి తిరుగులేదు. ఒప్పుకుంటేనే చెప్పండి, లేదంటే నా బస్సు నేను చూసుకుంటాను."

రెండు వీధులూ గొణుక్కుంటూ ఒప్పుకున్నాయి. నన్ను మాత్రం ఆయన గీతకి పదడుగులు దూరంగా నిలబెట్టాడు. ముప్ఫై రెండేళ్ళలో ముగింపు గీత మీద నేను లేకపోవడం అదే మొదటిసారి.

ఇద్దరు టీచర్లు ముగింపు గీత పొడుగునా ఎర్ర ఊలు దారం సాగదీసి పట్టుకున్నారు. అవతల డ్రిల్లు మాస్టారు పిస్తోలు ఎత్తి ఉంటాడు, నాకు కనపడలేదు. మిడత నన్ను దాటుకుంటూ వెళ్ళేటప్పుడు నావైపు చూడలేదు. వాచీ నా చేతిలోనే ఉంది. ఎవరూ అడగలేదు, ఎవరికీ అక్కర్లేదు, అయినా బొటనవేలు బటన్ మీదికి తనంతట తానే వెళ్ళింది. పొగ కోసం చూడదలచుకోలేదు. ఈసారి చప్పుడుకే నొక్కుతాను, తెలిసి నొక్కుతాను, తర్వాత మూడు కలుపుకుంటాను.

మెట్ల మీద ఎవరి బిడ్డో దగ్గితే పదిమంది ఉలిక్కిపడ్డారు.

ఢాం.

నొక్కాను. తెల్లటి వెలుతురులోంచి అడుగుల చప్పుడు మాత్రం వచ్చింది. వచ్చేది ఒక్కరి చప్పుడే, దబదబా దబదబా. పిల్లి అడుగు వినపడదని నాకు తెలుసు, అయినా మిడత ఒక్కతే వస్తోందని పిచ్చి ఆశ పుట్టింది. సగం దూరం దాటాక రెండు నీడలు విడివడ్డాయి. ఏ నీడ ముందుందో తెలియలేదు. రెండు వీధులూ ఒకేసారి అరవడం మొదలుపెట్టాయి. నా కోడలు పక్కనే నిలబడి నా చొక్కా చెయ్యి గుప్పిట్లో నలిపేస్తోంది. నేను ఇద్దరినీ చూడలేను. ఒక్క మనిషి ఛాతీ మీదే చూపు నిలపడం నాకు వచ్చిన విద్య, మిడత పసుపు పచ్చ బనియను మీదే నిలిపాను. అది గీత దాటింది. నొక్కాను.

ఎర్ర దారం తెగి నేల మీద పడి ఉంది. ఇద్దరూ నాలుగడుగులు అవతలికి పోయి ఆగారు. పిల్లి చతికిలబడింది. మిడత మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని వంగిపోయింది.

అందరూ ఆఫీసరు ముఖం చూశారు. ఆయన దారం చూశాడు, ఇద్దరినీ చూశాడు, నిజాయితీగానే తల అడ్డంగా ఊపాడు. "నా కంటికి ఇద్దరూ ఒకేసారి వచ్చారు. తేడా చెప్పలేను. ముందే అనుకున్నట్టు జాబితాలో పేరు మారదు."

పై వీధి కేక పెట్టింది. ఫోర్‌మన్ నోరు తెరిచి, ముందే ఒప్పుకున్న మాట గుర్తొచ్చి మూసుకున్నాడు. కూతురి పక్కన నేల మీద కూలబడి దాని జుట్టు సవరించసాగాడు. నా కోడలు నా చొక్కా వదిలేసింది. నాకు ఊపిరి వచ్చింది. గట్టెక్కాం, పరువూ దక్కింది, పిల్లా దక్కింది అనుకున్నాను. అవును, అనుకున్నాను.

"కాదు సార్."

మిడత ఇంకా వంగే ఉంది. ఆ మాట నేల మీదినుంచి వచ్చినట్టుంది. మెట్ల మీద వినపడలేదు, అరుపులు సాగుతూనే ఉన్నాయి. అది నడుము ఎత్తి నిలబడి నావైపు చూసింది. కోపంగానే చూసింది. ఆ చూపు నా మీంచి తియ్యకుండానే ఆఫీసరుతో మళ్ళీ చెప్పింది, ఈసారి రెండు వీధులకీ వినపడేలా.

"సమానం కాదు సార్. దారం నాకు తగల్లేదు. నేను వచ్చేసరికే తెగిపోయి ఉంది."

మెట్ల మీది చేతులు లేచినవి లేచినట్టే ఆగాయి.

"నీకెలా తెలుసమ్మా? ఆ వేగంలో..." అన్నాడు ఆఫీసరు.

"ఛాతీకి తగిలితే తెలుస్తుంది సార్. సాయంత్రం తగిలింది, అది తెలుసు. ఇప్పుడు తగల్లేదు."

పై వీధిలో ఎవడో, "నోర్ముయ్యవే!" అని అరిచాడు. అది అటు తిరగను కూడా తిరగలేదు. ఆఫీసరు జేబులోంచి కలం తీసి, ఫైలు మోకాలి మీద పెట్టుకుని జాబితాలో ఒక పేరు కొట్టేసి ఇంకో పేరు రాశాడు. ఫోర్‌మన్ లేచి మా దగ్గరికి రెండడుగులు వేశాడు. చేతులు నలుపుకుని వెనక్కి పోయాడు. పిల్లి మాత్రం లేచి వచ్చి మిడత ఎదురుగా నిలబడింది. కింద పడిన ఎర్ర దారం ఏరుకొచ్చి సగం తెంపి, ఆ సగం మిడత చేతిలో పెట్టి వెళ్ళిపోయింది.

ఇంటికి ముగ్గురం నడిచాం. కోడలు ముందు, మేమిద్దరం వెనక. పై వీధిలో ఒక్కరూ పలకరించలేదు. ఎప్పుడూ నన్ను ఆపి టైము అడిగే కిరాణా కొట్టువాడు కూడా గోడ గడియారంవైపు తిరిగి నిలబడ్డాడు. కూడలి దాటాక మిడత అడుగు నెమ్మది చేసింది.

"నా కోపం పోలేదు," అంది చివరికి.

"పోవక్కర్లేదమ్మా."

"రేపు పోదు. ఎల్లుండి కూడా పోదు."

"సరే."

ఇంకో పది అడుగులు వేసింది. "నీ చేతిలో వాచీ ఉంది కదా. నొక్కావా?"

"నొక్కాను."

"ఎంత?"

వాచీ దాని చేతికిచ్చాను. నా కళ్ళతో చదివి చెప్పే హక్కు నాకు లేదనిపించింది. అది వీధి దీపం కిందికి జరిగి ముల్లును చూసింది.

"పన్నెండు పాయింట్ ఏడు."

"చప్పుడుకి నొక్కాను. మూడు కలుపు."

అది పెదవులు కదుపుతూ కూడింది. కూడటం అయిపోయినా తల ఎత్తలేదు.

"పదమూడు," అంది. "సాయంత్రం కాగితం మీద రాసిందీ అదే."

"అప్పుడది తప్పు. ఇప్పుడు నిజం. నువ్వు ఎప్పుడూ ఇంత వేగంగా పరిగెత్తలేదు."

అప్పుడు ఏడ్చింది. నిలబడి, ముక్కు ఎగబీలుస్తూ, చిన్నప్పుడు మోకాలు చెక్కుకుపోయినప్పటిలా గట్టిగా ఏడ్చింది. కోడలు వెనక్కి వచ్చి దాన్ని దగ్గరికి తీసుకుంది. వాచీ కోసం నేను చెయ్యి చాపాను. ముల్లును సున్నాకి తిప్పి పెట్టెలో దాచడం ముప్ఫై రెండేళ్ళ నా అలవాటు.

అది ఇవ్వలేదు. "సున్నా చెయ్యకు," అని వాచీని గుప్పిట్లో మూసుకుంది. ఇల్లు చేరేదాకా ఆ గుప్పిట విప్పలేదు.